కరెంటు మంటలు: బెంగళూరులో మనవాళ్లు మళ్లీ మళ్లీ అడిగే ప్రశ్నలు

మాది వైరింగ్ పని. మారతహళ్లి, కె.ఆర్.పురం, మహదేవపుర వైపు ఎక్కువగా తెలుగు ఇళ్లకే వెళ్తుంటాను. పని అయ్యాక టీ గ్లాసు చేతికిచ్చి అడిగే ప్రశ్నలు దాదాపు ఒకటే. రాత్రి పదకొండుకి ఫోన్ చేసి అడిగేవీ అవే. అందుకే ఒకచోట రాసిపెట్టాను. దేనికదే చదువుకోవచ్చు, మీకు కావలసిన దగ్గరికి నేరుగా వెళ్లండి.

## ఇల్లు చూసేటప్పుడు, కట్టించేటప్పుడు

అద్దె ఇల్లు చూడటానికి వెళ్తున్నాం. కరెంటు సంగతి మాకేం తెలుస్తుంది, ఏం చూడాలి?

పది నిమిషాలు చాలు, పెద్ద చదువు అక్కర్లేదు. ముందు డీబీ, అంటే ఇంటి లైన్లన్నీ విడిపోయే స్విచ్‌ల పెట్టె, మూత తెరవండి. అందులో ఎంసీబీల వరస ఉంటుంది, లోడు ఎక్కువైతే వాటంతటవే పడిపోయే స్విచ్‌లు అవి. వాటితో పాటు 'టి' అని లేదా 'టెస్ట్' అని రాసిన చిన్న బటన్ ఉన్న స్విచ్ కనిపించాలి. అదే ఆర్‌సీసీబీ. కరెంటు దారి తప్పి కారితే కట్టేసేది అదే. దాని మీద 30 ఎంఏ (మిల్లీఆంపియర్లు) అని ఉంటే మంచిది. ఆ బటన్ నొక్కితే కరెంటు పోవాలి. పోలేదంటే అది అలంకారానికి ఉన్నట్టే.

తర్వాత గీజర్ ప్లగ్, వంటగదిలో పెద్ద సాకెట్, ఏసీ పాయింట్ దగ్గర రంగు చూడండి. తెల్ల ప్లాస్టిక్ పసుపుపచ్చగానో గోధుమరంగులోనో మారిందంటే అక్కడ చాలాకాలంగా వేడి పుడుతోంది. కొత్త సున్నం వేసి ఉన్నా సాకెట్ రంగు మాత్రం దాయలేరు. 16 ఆంప్స్ పెద్ద సాకెట్లు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టుకోండి. ఇల్లంతా కలిపి రెండే ఉంటే, మిగతా బరువు వస్తువులన్నీ ఎక్స్‌టెన్షన్ బాక్సుల మీద పడతాయి. అడ్వాన్స్ ఇవ్వకముందే అడిగి పెట్టించుకోండి, ఇచ్చాక మన మాట వినేవాళ్లు తక్కువ.

మీటర్లన్నీ మెట్ల కింద ఉన్నాయి, బైకులూ అక్కడే పెడతారు. బెంగళూరులో అంతా ఇలాగే కదా?

అంతా ఇలాగే ఉండటమే నా భయం. 20×30, 30×40 అడుగుల సైట్లలో నాలుగంతస్తులు లేపుతారు. కింద మెట్ల పక్కన మీటర్ బోర్డు, దాని కింద పెట్రోలు బైకులు, ఈ మధ్య ఛార్జింగులో ఉన్న ఎలక్ట్రిక్ స్కూటర్లు, ఒక మూల పాత పరుపు, పేపర్ల కట్ట. పైవాళ్లందరికీ దిగే దారి ఆ ఒక్క మెట్లే. కింద అంటుకుంటే మెట్ల గది పొగగొట్టంలా పనిచేస్తుంది. మంట పై అంతస్తుకు ఎప్పటికో వస్తుంది, పొగ మాత్రం ముందే వస్తుంది.

ఈ ఊరికి ఇది తెలియని పాఠం కాదు. 2010 ఫిబ్రవరి 23న పాత ఎయిర్‌పోర్ట్ రోడ్డులోని కార్ల్‌టన్ టవర్స్‌లో కరెంటు డక్ట్‌లో మొదలైన మంట నుంచి పొగ పై అంతస్తులను ముంచేసింది. బయటపడే దారి లేక కొందరు కిటికీల నుంచి దూకారు. తొమ్మిది మంది పోయారు. అది ఆఫీసు బిల్డింగు, మనవి ఇళ్లు. పొగకి ఆ తేడా లేదు.

ఓనర్‌తో గొడవ పడకుండా అడగగలిగినవి మూడు. మీటర్ బోర్డు ముందు కనీసం ఒక మీటరు ఖాళీ ఉంచడం, స్కూటర్ ఛార్జింగ్ పాయింట్ మెట్లకు దూరంగా గేటు వైపు మార్చడం, టెర్రస్ తలుపుకు రాత్రిపూట తాళం వేయకపోవడం. మూడోదానికే ఎక్కువ అభ్యంతరం వస్తుంది, దొంగల భయం. లోపలి నుంచి తీసుకోగలిగే గడియ పెట్టమనండి.

పాత ఇల్లు, ఇంకా పింగాణీ ఫ్యూజులే ఉన్నాయి. ఓనర్ అంకుల్ "ఇరవై ఏళ్లుగా ఏమీ కాలేదమ్మా" అంటున్నారు. నమ్మొచ్చా?

ఫ్యూజు చెడ్డది కాదు. అందులో వేసిన తీగే చెడ్డది. ఫ్యూజు ఎగిరిపోయినప్పుడల్లా ఎవరో ఒకరు చేతికందిన రాగి పోగులు రెండు మెలేసి కట్టి ఉంటారు. అది ఇక ఎప్పటికీ ఎగరదు. గోడలో ఉన్న వైరే ఫ్యూజులా కరుగుతుంది. ఇంకో సంగతి, ఇరవై ఏళ్ల కిందట ఆ ఇంట్లో నాలుగు బల్బులు, రెండు ఫ్యాన్లు, ఒక టీవీ. ఇప్పుడు మీరు తెచ్చేవి ఏసీ, మైక్రోవేవ్, వాషింగ్ మెషీన్, ఇండక్షన్. ఇల్లు అదే, వైరు అదే, మోసే బరువు వేరు. అంకుల్ అబద్ధం చెప్పడం లేదు, ఆయన చెప్పేది వేరే ఇంటి సంగతి.

వైరు అల్యూమినియందైతే ఇంకాస్త జాగ్రత్త. స్క్రూ కింద అది కాలక్రమంలో అణిగి వదులవుతుంది, పైన ఆక్సైడ్ పొర కడుతుంది. రెండూ కలిసి ఆ చోట వేడి పుట్టిస్తాయి.

కొత్తగా వైరింగ్ చేయిస్తున్నాం. ఏ వైరు ఎక్కడ వేయాలి?

ఇళ్లలో సాధారణంగా లైట్లు, ఫ్యాన్లకు 1.5 స్క్వేర్ ఎంఎం, పెద్ద సాకెట్లకు 2.5, ఏసీకి, గీజర్‌కి 4 వేస్తాం. అన్నీ రాగివే. పాత మేస్త్రీలు 3/20, 7/20 అని చెబుతారు. మొదటిది 2 స్క్వేర్ ఎంఎంకు, రెండోది 4.5కు దగ్గరగా వస్తాయి. వైరు మీద ఐఎస్ఐ గుర్తు, ఐఎస్ 694 అనే అంకె ముద్రించి ఉండాలి. మామూలు పీవీసీ తొడుగు 70 డిగ్రీల వరకే తట్టుకుంటుంది. ఎఫ్ఆర్ అంటే మంటను ముందుకు పాకనివ్వనిది, ఎఫ్ఆర్‌ఎల్ఎస్ అంటే దానికి తోడు పొగ తక్కువ వచ్చేది. డబ్బు ఎక్కడ మిగిల్చినా పర్వాలేదు, ఇక్కడ వద్దు. టైల్స్ నచ్చకపోతే మార్చుకోవచ్చు, గోడలో పూడ్చిన వైరు మార్చాలంటే ఇల్లు తవ్వాలి.

గీజర్‌కి, ఏసీకి డీబీ నుంచి విడి లైను, విడి ఎంసీబీ ఉండాలి. మధ్యలో జాయింట్లు వద్దు. పని చేసేవాడికి లైసెన్సు ఉందా అని అడగడానికి మొహమాటపడకండి. మాలాంటివాళ్లకు ఆ ప్రశ్న కొత్తేం కాదు.

ఆర్‌సీసీబీ పెట్టించాం. ఇక మంటల భయం లేనట్టేనా?

కాదు. ఆర్‌సీసీబీ చూసేది ఒక్కటే, వెళ్లిన కరెంటు అంతా తిరిగి వచ్చిందా, దారిలో ఎర్త్‌లోకో మనిషిలోకో కారిందా అని. 30 మిల్లీఆంపియర్లు కారితే కట్టేస్తుంది. లోడు ఎక్కువైతే దానికి పట్టదు, అది ఎంసీబీ పని. వదులైన స్క్రూ దగ్గర వేడి పుడితే రెండింటికీ పట్టదు. ఆర్క్‌ను, అంటే వదులు సందులో ఎగిరే నిప్పురవ్వలను, పసిగట్టే ఏఎఫ్‌డీడీ అనే పరికరం ఒకటుంది. ఖరీదెక్కువ, మన ఇళ్లలో అరుదుగా కనిపిస్తుంది.

ఆర్‌సీసీబీ టెస్ట్ బటన్ నెలకోసారి నొక్కండి. కరెంటు బిల్లు కట్టిన రోజు నొక్కుతానని మా బావమరిది పెట్టుకున్నాడు, బాగానే గుర్తుంటోందట.

## రోజూ వాడుకునేటప్పుడు

ఒకే ఎక్స్‌టెన్షన్ బాక్సులో ఇండక్షన్, ఐరన్ బాక్స్, కెటిల్ పెట్టొచ్చా? సాకెట్లు నాలుగు ఉన్నాయి కదా.

సాకెట్లు నాలుగున్నా వైరు ఒకటే. లెక్క వేసుకోండి, వాట్లను 230తో భాగిస్తే ఆంప్స్ వస్తాయి. 1,000 వాట్ల ఐరన్ బాక్స్ 4.3 ఆంప్స్. 1,800 వాట్ల ఇండక్షన్ 7.8. 1,500 వాట్ల కెటిల్ 6.5. మూడూ కలిస్తే 18 దాటింది. మీ బాక్సు వెనక చూడండి, చాలావాటి మీద 6 అనో 10 అనో ఉంటుంది. పైగా కరెంటు రెట్టింపైతే వేడి నాలుగు రెట్లవుతుంది. అందుకే "కొంచెమే ఎక్కువ కదా" అనే మాట ఇక్కడ చెల్లదు.

ఫోన్, ల్యాప్‌టాప్ ఛార్జర్లు, రౌటర్, టీవీకి ఎక్స్‌టెన్షన్ బాక్సు సరే. నీళ్లు కాచేది, అన్నం వండేది, బట్టలు ఇస్త్రీ చేసేది, ఏదైనా సరే వేడి పుట్టించే వస్తువు నేరుగా గోడ సాకెట్‌కే. వైరు చుట్ట చుట్టి వాడకండి, వేడి బయటికి పోదు. కార్పెట్ కింద నుంచీ, తలుపు సందులోంచీ లాగకండి.

ఏసీ పిన్ పెద్దది, గోడ సాకెట్ చిన్నది. కన్వర్టర్ పెట్టి నడుపుతున్నాం. ఏమవుతుంది?

పిన్ను లావుగా చేసిందే అలా చిన్న సాకెట్లో పట్టకుండా ఉండటానికి. 6 ఆంప్స్ సాకెట్లో లోపలి రేకులు పలచన, వెనక వచ్చే వైరూ పలచన. టన్నున్నర ఏసీ ఏడెనిమిది ఆంప్స్ గంటల తరబడి లాగుతుంది. ఐరన్ బాక్స్ అయితే పది నిమిషాల్లో పని అయిపోతుంది, ఏసీ రాత్రంతా నడుస్తుంది. కన్వర్టర్‌లో రెండు చోట్ల వదులు తోడవుతుంది. నేను మార్చిన కాలిన సాకెట్లలో చాలావాటికి కన్వర్టర్ కరిగి అతుక్కునే ఉంది. పెద్ద సాకెట్, దానికి తగ్గ వైరు డీబీ నుంచి లాగించండి. వెనక వైరు అదే ఉంచి సాకెట్ ఒక్కటే మార్చడం ఇంకా ప్రమాదం, కంటికి అంతా సరిగ్గా ఉన్నట్టు కనిపిస్తుంది.

అన్నా, ఎంసీబీ మాటిమాటికీ పడిపోతోంది. 16ది తీసేసి 32ది వేస్తే సరిపోదా?

సరిపోతుంది, ఎంసీబీ ఇక పడదు. గోడలో వైరు కాలుతుంది.

ఎంసీబీ ఏసీ కోసమో గీజర్ కోసమో పెట్టింది కాదు, వైరు కోసం పెట్టింది. 2.5 స్క్వేర్ ఎంఎం వైరు ఉన్నచోట 16 గానీ 20 గానీ వేస్తాం, వైరు వేడెక్కేలోపు అది పడాలని. మీరు 32 పెడితే వైరు 30 ఆంప్స్ మోస్తూ ఉడికిపోతున్నా ఎంసీబీకి చీమ కుట్టినట్టైనా ఉండదు.

పడిపోయే తీరు చూసి కారణం పట్టొచ్చు. ఆన్ చేయగానే టప్పున పడితే ఎక్కడో షార్ట్ ఉంది. అరగంట నడిచాక పడితే లోడు ఎక్కువ. ఫలానా వస్తువు పెట్టినప్పుడే పడితే ఆ వస్తువే. వాన కురిసిన రోజే ఆర్‌సీసీబీ పడితే బాల్కనీ లైటో బోర్‌వెల్ మోటారు లైనో తడుస్తోంది. ఒకసారి పడితే మళ్లీ ఎత్తండి, తప్పులేదు. రెండోసారి పడిందంటే ఎత్తకండి. పుల్ల అడ్డుపెట్టి ఎత్తి ఉంచిన ఇల్లు కూడా చూశాను నేను.

పీజీలో వేడినీళ్లు రావు. హీటర్ రాడ్ వాడుకోవచ్చా?

వాడేవాళ్లు వాడుతూనే ఉంటారని నాకు తెలుసు, అందుకే వద్దని ఊరుకోకుండా చెబుతాను. రాడ్ 1,500 వాట్లది ఉంటుంది, పెద్ద సాకెట్‌కే పెట్టాలి. ముందు నీళ్లలో ముంచి తర్వాత స్విచ్ వేయాలి. స్విచ్ ఆపి, పిన్ పీకి, ఆ తర్వాతే నీళ్లలో చెయ్యి పెట్టాలి. పెట్టి ఫోన్ మాట్లాడుతూ కిందికి వెళ్లిపోతేనే మంటలు. నీళ్లు ఆవిరై రాడ్ బయటపడితే ఎర్రగా కాలి ప్లాస్టిక్ బకెట్‌ను అంటిస్తుంది. పిన్ ఊడిపోయిన వైరు కొసలను సాకెట్లో దూర్చి అగ్గిపుల్లలు గుచ్చే పని మాత్రం ఎంత తొందరున్నా చేయకండి. అగ్గిపుల్ల దేనికి పనికొస్తుందో మీకు తెలుసు.

ఎలక్ట్రిక్ స్కూటర్ బ్యాటరీ పైకి తెచ్చి హాల్లో ఛార్జ్ చేస్తున్నాం. పర్వాలేదా?

రాత్రి అందరూ పడుకున్నాక, తలుపు పక్కన మాత్రం వద్దు. లిథియం బ్యాటరీలో ఒక సెల్ చెడి వేడెక్కితే పక్క సెల్‌ను వేడెక్కిస్తుంది, అది దాని పక్కదాన్ని. మొదలయ్యాక ఆపడం కష్టం, పైగా దానికి బయటి గాలి అంతగా అక్కర్లేదు. అందుకే దుప్పటి కప్పితే ఆరదు. గుమ్మం దగ్గర పెడితే బయటపడే దారే మూసుకుపోతుంది.

కంపెనీ ఇచ్చిన ఛార్జరే వాడండి. ఎండలో తిరిగి రాగానే పెట్టకుండా అరగంట చల్లారనివ్వండి. కింద పడి నొక్కుకుపోయిన బ్యాటరీ, నీళ్లలో మునిగిన బ్యాటరీ మళ్లీ ఛార్జింగుకి పెట్టొద్దు. వానాకాలంలో బెల్లందూరు వైపు రోడ్లు చెరువులైనప్పుడు ఈ మాట గుర్తుంచుకోండి. ఉబ్బినా, తియ్యటి ఘాటు వాసన వచ్చినా బయట ఖాళీ చోట పెట్టి సర్వీస్ సెంటర్‌కి ఫోన్ చేయండి. ఫోను, పవర్ బ్యాంకులకీ ఇదే వర్తిస్తుంది. తలగడ కింద పెట్టి ఛార్జ్ చేయొద్దని పిల్లలకు రోజూ చెప్పాల్సిందే.

ఇన్వర్టర్ ఎక్కడ పెట్టాలి?

గాలి ఆడేచోట. లెడ్ యాసిడ్ బ్యాటరీ ఛార్జ్ అవుతున్నప్పుడు హైడ్రోజన్ వస్తుంది, అది అంటుకునే వాయువు. మూసిన అల్మారాలో, మంచం కింద, దీపం పెట్టే పూజగది గోడకి ఆనించి పెట్టకూడదు. టెర్మినల్ మీద తెల్లగా పూత కడితే అక్కడ వేడి పుడుతుంది, శుభ్రం చేయించండి. డిస్టిల్డ్ వాటర్ తగ్గకుండా చూసుకోండి.

సంక్రాంతికి వారం రోజులు ఊరెళ్తున్నాం. మెయిన్ ఆపేసి వెళ్లాలా?

ఫ్రిజ్ ఖాళీ చేయగలిగితే మెయిన్ ఆపేయడమే మేలు. ఫ్రిజ్ నడవాలంటే దాని ఎంసీబీ ఒక్కటి ఉంచి మిగతావన్నీ దించేయండి. గీజర్, ఏసీ, దోమల మిషన్, టీవీ స్టెబిలైజర్ పిన్నులు పీకండి. పూజగదిలో రోజంతా వెలిగే చిన్న లైటు కూడా. ఇన్వర్టర్ కూడా ఆపాలి, మరిచిపోయేది అదే. తాళంచెవి ఒకటి పక్కింట్లో ఇచ్చి వెళ్లండి. తాళం పగలగొట్టేలోపు జరిగే నష్టమే ఎక్కువ.

దీపావళికి, వినాయక చవితికి సీరియల్ లైట్లు?

ఒకదాని తోకకి ఇంకోటి తగిలిస్తూ పది వేయకండి. కర్టెన్ల మీద, ఎండిన మామిడాకుల తోరణం మీద వద్దు. పడుకునేముందు ఆపేయండి. మంటపానికి వేసే లైనులో ఆర్‌సీసీబీ పెట్టమని కమిటీవాళ్లకి చెప్పండి, జాయింట్లు నేలమీద నీళ్లలో ఉండకూడదు.

## ఏదో తేడాగా అనిపించినప్పుడు

పేపర్లో ఎప్పుడు చూసినా "షార్ట్ సర్క్యూట్ వల్ల మంటలు" అని రాస్తారు. నిజంగా అంతా షార్ట్ సర్క్యూటేనా?

నా అనుభవంలో ఇళ్లలో అసలు దొంగ వదులు స్క్రూ. ఫేజు (కరెంటు వచ్చే తీగ), న్యూట్రలు (తిరిగి వెళ్లే తీగ) నేరుగా తాకితే అది షార్ట్. అప్పుడు కరెంటు వందల ఆంప్స్‌కి ఎగురుతుంది, మంచి ఎంసీబీ కన్నుమూసి తెరిచేలోపు పడిపోతుంది. వదులు కాంటాక్ట్ అలా కాదు. చప్పుడు చేయకుండా నెలల తరబడి పనిచేసుకుంటూ పోతుంది.

లెక్క చూపిస్తాను. 2,000 వాట్ల గీజర్ సుమారు 9 ఆంప్స్ లాగుతుంది. సాకెట్ వెనక స్క్రూ వదులై అక్కడ అర ఓమ్ నిరోధం వచ్చిందనుకోండి. తొమ్మిది తొమ్మిదులు ఎనభై ఒకటి, అందులో సగం, అంటే 40 వాట్ల వేడి. రేడియో రిపేరు షాపులో సోల్డరింగ్ ఐరన్ 25 వాట్లదే ఉంటుంది, దాంతో సీసం కరుగుతుంది. మీ గోడలో అంతకంటే ఎక్కువ వేడి ఒక స్క్రూ మొన మీద పుడుతోంది. గీజర్ ఎప్పటిలా 9 ఆంప్సే లాగుతోంది కాబట్టి ఎంసీబీకి అంతా సవ్యంగానే కనిపిస్తుంది. వేడికి లోహం సాగి, చల్లారి, మళ్లీ సాగి ఇంకా వదులవుతుంది. తొడుగు మాడి బొగ్గవుతుంది. బొగ్గు కరెంటును పోనిస్తుంది. ఆఖరి రోజున షార్ట్ అవుతుంది, పేపర్లో వచ్చేది ఆ ఆఖరి క్షణమే.

మేం ఈ ఊరికి వచ్చిన కొత్తల్లో అద్దె ఇంట్లో గీజర్ ప్లగ్ ఇలాగే కరిగింది. నెలరోజులుగా పిన్ పీకితే చేతికి వేడి తగిలేది. నాకప్పటికే ఈ పని వచ్చు. ఆదివారం చూద్దాంలే అనుకుంటూ నాలుగు ఆదివారాలు గడిపాను.

స్విచ్ బోర్డు దగ్గర చేపల వాసన వస్తోంది. మేం శాకాహారులం!

నవ్వే విషయం కాదండీ, వెంటనే ఆ లైను ఎంసీబీ దించేయండి. స్విచ్‌లు, సాకెట్లు చేసే కొన్ని రకాల ప్లాస్టిక్ వేడెక్కితే చేపల్లాంటి, లేదా మూత్రంలాంటి వాసన వస్తుంది. ముక్కుకి తెలిసేటప్పటికే లోపల చాలా కాలి ఉంటుంది. అగరుబత్తి వెలిగిస్తే వాసన పోతుంది, కాలడం ఆగదు.

స్విచ్ వేస్తే జుయ్యిమని చప్పుడు, లోపల చిన్న మెరుపు. మామూలేనా?

స్విచ్ వేసిన క్షణంలో చిన్న నిప్పురవ్వ మామూలే. చప్పుడు ఆగకుండా వస్తుంటేనో, ఫ్యాను వేగం దానంతటదే మారుతుంటేనో లోపల ఆర్క్ అవుతోంది. ఆ స్విచ్ వాడటం ఆపి మార్పించండి. ఒక్కోసారి తెరిచి చూస్తే బల్లి, చీమల పుట్ట ఉంటాయి. ఎలుకలైతే ఫాల్స్ సీలింగ్ పైన వైరు కొరుకుతాయి, బయటికి ఏమీ కనిపించదు.

ఉన్నట్టుండి కొన్ని లైట్లు బాగా ఎక్కువగా, కొన్ని గుడ్డిగా వెలిగాయి. టీవీ పోయింది. ఎందుకు?

త్రీ ఫేజ్ వచ్చే బిల్డింగుల్లో న్యూట్రల్ వదులైతే ఇలా అవుతుంది. న్యూట్రల్ అనేది మూడు ఫేజుల మధ్య తూకం. అది తెగితే 230 వోల్టులు రావాల్సిన చోట 300 పైన, ఒక్కోసారి 400 దాకా పోవచ్చు. పక్క ఫేజులో బాగా తగ్గుతుంది. తక్కువ వాడకం ఉన్న ఇంటికే ఎక్కువ వోల్టేజీ వస్తుంది, అన్యాయంగానే ఉంటుంది కానీ లెక్క అదే. చూస్తూ నిలబడకండి, మెయిన్ దించేయండి. పక్క ఇళ్లవాళ్లనూ కేకేసి దించమనండి. బెస్కాం (ఇక్కడి కరెంటు సంస్థ) 1912కి ఫోన్ చేయండి. ఏప్రిల్, మే నెలల్లో గాలివానకు కొమ్మలు విరిగి తీగల మీద పడిన రాత్రుల్లో ఇది ఎక్కువ.

## మంట లేచినప్పుడు

స్విచ్ బోర్డు అంటుకుంది. మొట్టమొదట ఏం చేయాలి?

ఇంట్లోవాళ్లను లేపి బయటికి పంపండి. డీబీ అందుబాటులో ఉండి, మంట దాని దగ్గర కాకపోతే మెయిన్ దించండి. ఇన్వర్టర్ ఉంటే అదీ ఆపాలి. మెయిన్ దించినా ఇన్వర్టర్ లైట్ల లైనుకు కరెంటు ఇస్తూనే ఉంటుంది, ఆ సంగతి తెలియక దెబ్బతిన్నవాళ్లున్నారు. మంట ఒక బోర్డంత చిన్నదై, బయటికి పోయే తలుపు మీ వీపు వెనక ఉంటేనే ఆర్పే ప్రయత్నం. కర్టెన్‌కో సోఫాకో పాకిందంటే వదిలేసి బయటికి రండి, వస్తూ ఆ గది తలుపు మూసేయండి. మూసిన తలుపు పొగను చాలాసేపు ఆపుతుంది. లిఫ్ట్ ఎక్కొద్దు.

నీళ్లు పోయకూడదంటారు. మరి బకెట్‌తో పోసి ఆర్పినవాళ్లున్నారే?

కరెంటు ఆగిపోయి ఉంటే అది మామూలు మంటే, నీళ్లు పనిచేస్తాయి. కరెంటు ఉండగా పోస్తే నీళ్ల ధార వెంట షాక్ మీకే వస్తుంది. వాళ్లకు అదృష్టం బాగుంది. ఆగిందని ఖాయంగా తెలియకపోతే పోయకండి. పొడి ఇసుక ఉంటే చల్లొచ్చు.

ఇంట్లో పెట్టుకోవడానికి ఏ ఫైర్ సిలిండర్ కొనాలి?

ఒక్కటే కొనేలా ఉంటే ఏబీసీ పౌడర్ రకం, 2 కిలోలదో 4 కిలోలదో. బట్ట, చెక్క, కరెంటు మంటలకు పనికొస్తుంది. పొడి ఇల్లంతా పడుతుంది, తర్వాత తుడుచుకోవచ్చు. సీఓటూ రకం కంప్యూటర్లకు బాగుంటుంది, చిన్న గదిలో వాడితే గాలి తగ్గుతుంది, దాని గరాటు మంచులా చల్లబడుతుంది కాబట్టి చేత్తో పట్టుకోకూడదు.

వంటగది లోపల కాదు, గుమ్మం దగ్గర తగిలించండి. పిన్ లాగి, మంట మొదలు మీదికి గురిపెట్టి, నొక్కి, అటూ ఇటూ తిప్పాలి. చిన్నది పది పదిహేను సెకన్లలో అయిపోతుంది. పౌడర్ సిలిండర్ మీటరులో ముల్లు పచ్చరంగులో ఉందో లేదో అప్పుడప్పుడు చూడండి. కొన్న రోజే ఇంట్లో ఆడవాళ్లకు, పెద్దపిల్లలకు పట్టుకుని చూపించండి. మగవాళ్లు ఆఫీసులో ఉన్నప్పుడే గీజర్లు కాలతాయి.

మెట్లంతా పొగ. మేం మూడో అంతస్తులో ఉన్నాం. దిగాలా, ఆగాలా?

పొగ దట్టంగా ఉంటే అందులోకి దిగొద్దు. పీవీసీ కాలితే వచ్చే పొగలో కార్బన్ మోనాక్సైడ్, హైడ్రోజన్ క్లోరైడ్ ఉంటాయి. నాలుగు శ్వాసలకే కళ్లు, గొంతు పట్టేస్తాయి, తెలివి తప్పుతుంది. తడిగుడ్డ మసిని కొంత ఆపుతుంది గానీ కార్బన్ మోనాక్సైడ్‌ను ఆపదు, దాన్ని నమ్ముకుని దిగకండి. టెర్రస్ మెట్లలో పొగ లేకపోతే పైకి వెళ్లొచ్చు. లేదంటే తలుపు మూసి, కింది సందులో తడిబట్టలు కుక్కి, రోడ్డు వైపు బాల్కనీలోకో కిటికీ దగ్గరకో వెళ్లి రంగు బట్ట ఊపండి. లోపల కదలాల్సి వస్తే నేలకు దగ్గరగా పాకండి, గాలి అక్కడే ఉంటుంది.

కిటికీలన్నిటికీ కదలని ఇనుప గ్రిల్స్ ఉన్న ఇల్లైతే, కనీసం ఒకదానికి తెరుచుకునే తలుపు పెట్టించండి. తాళంచెవి అక్కడే మేకుకి ఉండాలి.

ఎవరికి ఫోన్ చేయాలి? నాకు కన్నడ సరిగా రాదు.

101 గానీ 112 గానీ. ఇంగ్లిష్‌లోనో హిందీలోనో చెప్పొచ్చు. కన్నడలో అనాలంటే "బెంకి హత్తికొండిదె" చాలు, మంట అంటుకుంది అని. తర్వాత ఏరియా, మెయిన్ రోడ్డు, క్రాస్ రోడ్డు నంబర్లు, దగ్గర్లో గుడో హోటలో. బెంగళూరులో ఒకే క్రాస్ నంబరు ప్రతి లేఅవుట్‌లోనూ ఉంటుంది, కాబట్టి లేఅవుట్ పేరు ముందు చెప్పండి. ఫోన్ పెట్టేశాక ఒకరు మెయిన్ రోడ్డుకు వెళ్లి నిలబడాలి. సందులో అడ్డంగా ఉన్న కార్లు తీయించడం కూడా అప్పుడే.

## ఆరిపోయాక

షాక్ కొట్టి చెయ్యి కొంచెం కాలింది. బర్నాల్ రాస్తే చాలా?

ముందు మనిషిని కరెంటు నుంచి విడదీశారా అన్నది ముఖ్యం. మెయిన్ ఆపకుండా పట్టుకుని లాగకూడదు. కాలిన చోట కుళాయి నీళ్లు ఇరవై నిమిషాలు పోయండి, ఐసు వద్దు, టూత్‌పేస్ట్ వద్దు, పసుపు వద్దు. కరెంటు కాలిన గాయం పైకి రూపాయి బిళ్లంత కనిపించినా లోపల కండరం, గుండె లయ దెబ్బతిని ఉండొచ్చు. కాబట్టి ఆసుపత్రిలో ఈసీజీ తీయించాలి. అంబులెన్సుకు 108. కె.ఆర్.మార్కెట్ దగ్గర విక్టోరియా ఆసుపత్రిలో కాలిన గాయాలకు ప్రత్యేక వార్డు ఉంది.

ఇన్సూరెన్స్ డబ్బు వస్తుందా?

2021 ఏప్రిల్ నుంచి ఉన్న భారత్ గృహ రక్ష పాలసీలో మంట వల్ల నష్టం కవర్ అవుతుంది. ఒక మెలిక ఉంది. షార్ట్ అయి కాలిన ఆ టీవీకో ఆ ఏసీకో మామూలుగా డబ్బు రాదు, దాన్నుంచి మంట పాకి కాలిన మిగతా వస్తువులకు వస్తుంది. అద్దెకున్నవాళ్లు సామాన్లకు మాత్రమే తీసుకోవచ్చు. గోడలు ఓనర్‌వి, వాటి పాలసీ ఆయనే తీసుకోవాలి. ఫొటోలు తీయకుండా ఏదీ కడగొద్దు, పారేయొద్దు. ఫైర్‌వాళ్ల రిపోర్టు అడిగి తీసుకోండి.

బోర్డు ఒక్కటే కాలింది. అది మార్చేసి కరెంటు వేసుకోవచ్చా?

కాలింది బోర్డే, వేడెక్కింది మాత్రం వెనక పైపులో ఉన్న వైరు. తొడుగు గట్టిపడి పెళుసై ఉంటుంది, కదిపితే రాలుతుంది. కనీసం ఆ పాయింటు నుంచి డీబీ దాకా వైరు లాగి కొత్తది వేయాలి. వేశాక మెగ్గర్‌తో పరీక్ష చేయించండి, తొడుగులోంచి కరెంటు కారుతోందా అని చూసే మీటరు అది. 500 వోల్టుల దగ్గర ఫేజుకీ ఎర్త్‌కీ మధ్య, న్యూట్రల్‌కీ ఎర్త్‌కీ మధ్య కనీసం 1 మెగాఓమ్ చూపించాలి. మంచి వైరింగ్‌లో అంతకు చాలా రెట్లు వస్తుంది. మెగ్గర్ లేని ఎలక్ట్రీషియన్ "ఏం కాదు సార్, వేసేయండి" అంటే ఆ రాత్రికి ఆ లైను ఆపి ఉంచి, తెల్లారాక మెగ్గర్ ఉన్నవాణ్ణి పిలవండి. వచ్చిన అంకెను, తేదీతో సహా డీబీ మూత లోపలివైపు రాయించుకోండి.